ద్వారం వేంకటస్వామినాయుడుగారు

సంగీతకచేరీలలో గాయకుని ప్రక్కన కూర్చుండి, అతని కంఠమును నీడవలె వెంబడించు వాద్యమును మీరు చూచియుందురు. దానినే వాయులీన మందురు. సామాన్యజనులు ఫిడేలని పిలుతురు. అది మన దేశమున పుట్టినది కాదు. ఐరోపా ఖండమునుండి వచ్చినది. సుమారు రెండువందల సంవత్సరముల క్రిందట, ముత్తుస్వామి దీక్షితులవారి తమ్ముడైన బాలుస్వామి దీక్షితులు చెన్నపట్టణమున నొక ఐరోపా విద్వాంసునియొద్ద దానిని నేర్చి, కర్ణాటక సంగీతమునకు అలవరచెను. పాశ్చాత్యులు ఆ వాద్యమును గడ్డముక్రింద నానించి వాయింతురు. మనవారు నేలపై కూర్చుండి, దాని కొసను కుడికాలి చీలమండపై నానించి వాయింతురు. నాలుగు తీగెలను షడ్జపంచమములకు, మరల షడ్జపంచమములకు శ్రుతిచేసికొందురు. ఇట్లు పరదేశమునుండి వచ్చిన వాద్యమును తెలుగువారి సొత్తుగా చేసిన మహనీయులలో అగ్రగణ్యులు ద్వారం వేంకటస్వామినాయుడుగారు.

నాయుడుగారు 1893 నవంబరు 8వ తేదీన, దీపావళి అమావాస్యనాడు, బెంగుళూరులో జన్మించిరి. వారి తండ్రి సైన్యములో ఉద్యోగి. ఆయన పదవీవిరమణానంతరము విశాఖపట్టణమున స్థిరపడుటచే, నాయుడుగారి బాల్యము ఆ సముద్రతీరముననే గడచెను. ఆ కుటుంబమున సంగీతాభిరుచి మెండు. అన్నగారైన వేంకటకృష్ణయ్యగారు వాయులీనమున ప్రవీణులు.

దీపముల పండుగనాడు పుట్టిన ఆ బాలునకు కంటివెలుగు మాత్రము కొరవడెను. చిన్ననాటినుండియు ఆయన దృష్టి మందము. చూపు మందగించినవానికి నల్లబల్లమీది అక్షరములు, పుస్తకములలోని పంక్తులు ఎట్లు ఆనును? చూపు చాలని పిల్లలకు ప్రత్యేకముగా విద్య గరపు పాఠశాలలు ఆ కాలమున మిక్కిలి అరుదు. కావున బడిచదువు ముందునకు సాగలేదు. చదువు లేనివాడు ఏమి కాగలడు? చూపు లేనివాడు ఎట్లు బ్రదుకగలడు? ఏ తల్లిదండ్రులకైనను ఇట్టి చింత కలుగుట సహజము.

ఆ సమయమున అన్నగారు తమ్మునిచేతికి వాయులీనము నిచ్చిరి. ఇది చూపుతో నేర్వవలసిన విద్య కాదు. చెవితోను, చేతితోను నేర్వవలసిన విద్య. వీణకున్నట్లు వాయులీనమునకు మెట్లు లేవు. ఏ స్వరము ఎచ్చట పలుకునో వ్రేలికే తెలియవలెను. వ్రేలు వెండ్రుకవాసి తప్పినను స్వరము తప్పును. కుడిచేతి కమాను ఒత్తిడి ఒకింత హెచ్చినచో ధ్వని కర్కశమగును. తగ్గినచో పీలగా వినవచ్చును. కావున ఆ విద్యకు సాధనయే ప్రాణము. కంటికి దక్కని చదువును చెవికి దక్కించుకొనవలెనన్న పట్టుదలతో నాయుడుగారు సాధన కొనసాగించిరి. ఎన్ని సంవత్సరములు గడచినను ఆ సాధనను వారు విడువలేదు.

1919వ సంవత్సరమున విజయనగర సంస్థానాధీశులైన విజయరామ గజపతిరాజుగారు తమ పట్టణమున సంగీతకళాశాలను నెలకొల్పిరి. సంస్థానోద్యోగి యొకరి కుమారుడు అంధుడు. ఆ బాలునకు సంగీతము నేర్పించి జీవితమున దారి చూపవలెనన్న తలంపుతోనే ఆ కళాశాల పుట్టినదని చెప్పుదురు. హరికథాపితామహులైన ఆదిభట్ల నారాయణదాసుగారు దానికి ప్రథమాధ్యక్షులు. నాయుడుగారు ఆ కళాశాలలో విద్యార్థిగా చేరుటకై విజయనగరమునకు పోయిరట. ఆయన వాద్యమును విన్న పెద్దలు ఆశ్చర్యపడి, విద్యార్థిగా కాదు, ఆచార్యునిగానే ఆయనను చేర్చుకొనిరట. అప్పటికి ఆయన వయస్సు ఇరువదియారు సంవత్సరములు. బడిలో చదువు సాగని బాలుడే కళాశాలలో గురుపీఠము నెక్కెను.

1936లో నారాయణదాసుగారి అనంతరము నాయుడుగారే కళాశాలాధ్యక్షులైరి. వారి కాలమున విజయనగరము తెలుగునాట సంగీతక్షేత్రముగా వర్ధిల్లెను. సుప్రసిద్ధ గాయకులైన ఘంటసాల వేంకటేశ్వరరావుగారు ఆ కళాశాలలో చదువుకొన్ననాడు అధ్యక్షులు నాయుడుగారే. నూకల చినసత్యనారాయణగారు మొదలగు విద్వాంసులు వారికి శిష్యులు. నాయుడుగారి కుమారుడు భావనారాయణరావుగారు, కుమార్తె మంగతాయారుగారు తండ్రివిద్యనే అభ్యసించి కీర్తి గాంచిరి.

ఆ కాలమున కచేరీలలో వాయులీనము పక్కవాద్యము మాత్రమే. గాయకుడు పాడినదానిని వాయింపవలెను. అతడు ఊపిరి తీసికొన్న వేళ ఆ ఖాళీని నింపవలెను. అతని బాటను దాటి పోరాదు. నాయుడుగారును మహాగాయకులకు పక్కవాద్యము వాయించి మెప్పు పొందిరి. కాని వాయులీనమునకు తనదైన కంఠమున్నదని వారు విశ్వసించిరి. 1938లో వెల్లూరులో ఆయన గాయకుడు లేకుండ, వాయులీనమే ప్రధానముగా కచేరి చేసిరి. పాట లేని కచేరి రక్తికట్టునా యన్న సంశయము అట్టి కాలమున సహజమే. ఆ సంశయమును తీర్చినది మాటలు కావు, ఆయన కమానే. నాటివరకు వెనుక నడచిన వాద్యము నాడు ముందు నడచెను. నేడు వాయులీన విద్వాంసులు వేదికపై ప్రధానస్థానమున కూర్చుండుట మనకు వింత కాదు. ఆ బాటను వేసినవారిలో నాయుడుగారు ముఖ్యులు.

వారి వాద్యమున మాధుర్యము ప్రధానగుణము. వేగముతో శ్రోతలను దిగ్భ్రమ నొందింపవలెనన్న కోరిక వారికి లేదు. కమానును నిడివిగా, నిదానముగా నడపి, ఒక్కొక్క స్వరమును నిండుగా పలికించుచు, రాగభావమును మనసునకు హత్తునట్లు చేసెడివారు. పాశ్చాత్య విద్వాంసుల వాద్యమును కూడ శ్రద్ధతో విని, వారి కమాను నేర్పును గ్రహించి, మన సంగీతపు నుడికారము చెడకుండ దానిని వినియోగించుకొనిరి. మంచి యెచ్చట నున్నను గ్రహింపవలెను, తనదానిని మాత్రము మరువరాదు అన్న వివేకము వారి వాద్యమున కానవచ్చును. జనులు ప్రేమతో వారిని ఫిడేలు నాయుడుగారని పిలిచిరి.

ఇచ్చట మరియొక మహావిద్వాంసుని గూర్చి చెప్పవలెను. యెహూదీ మెనూహిన్ 1916లో న్యూయార్కు నగరమున యూదుల కుటుంబమున జన్మించి, బాల్యముననే వాయులీనమున ప్రపంచఖ్యాతి నొందెను. రెండవ ప్రపంచయుద్ధమున జర్మను పాలకులు లక్షలకొలది యూదులను చంపిరి. 1945లో మెనూహిన్ బెల్సెన్ అను నిర్బంధశిబిరమునకు పోయి, ప్రాణములతో మిగిలినవారికి తన వాద్యమును వినిపించెను. పగను పెంచుకొనక, 1947లో జర్మనీలోను వాయించెను. ఆయన 1952లో జవహర్‌లాల్ నెహ్రూగారి ఆహ్వానముపై భారతదేశమునకు వచ్చి, కరవు బాధితుల సహాయార్థము కచేరీలు చేసెను. చెన్నపట్టణమున న్యాయమూర్తి పి.వి. రాజమన్నారుగారి గృహమున ఆయన నాయుడుగారి వాద్యమును విని ముగ్ధుడయ్యెను. ఒకే వాద్యము, రెండు ఖండములు, రెండు సంప్రదాయములు. ఒకరి భాష యొకరికి తెలియకున్నను, నాదము వారికి దుబాసీ యయ్యెను.

నాయుడుగారిని వరించిన సత్కారములు పెక్కు. 1941లో మద్రాసు సంగీత విద్వత్సభవారి సంగీతకళానిధి బిరుదము, 1953లో కేంద్ర సంగీతనాటక అకాడమీ పురస్కారము, 1957లో పద్మశ్రీ ఆయనకు లభించినవి. ఆంధ్రవిశ్వవిద్యాలయము కళాప్రపూర్ణ బిరుదముతో గౌరవించెను. ఎన్ని బిరుదములు వచ్చినను ఆయన వినయము చెడలేదు. తాను పడిన బాధను మరువక, అంధుల సహాయార్థము కచేరి చేసి ధనము సమకూర్చిరి. తన కష్టము తీరినపిమ్మట పరుల కష్టమును తలచుటయే నిజమైన సంస్కారము.

1964 నవంబరు 25వ తేదీన నాయుడుగారు కీర్తిశేషులైరి. 1993లో వారి శతజయంతి సందర్భమున భారతప్రభుత్వము వారి చిత్రముతో తపాలాబిళ్లను వెలువరించెను. విశాఖపట్టణమున వారి విగ్రహము కలదు. వారు సేవించిన విజయనగర సంగీతకళాశాలకు 2019లో నూరేండ్లు నిండినవి.

విద్యార్థులారా! లోపము లేని మనుజుడు లోకమున అరుదు. లోపమును తలచి కుములుచు కూర్చుండువారు కొందరు. తమకు మిగిలిన శక్తి యేదియో వెదకి, దానిని సానబెట్టువారు కొందరు. నాయుడుగారు రెండవ కోవకు చెందినవారు. మీ తరగతిలోను చూపు చాలని బాలుడు, వినికిడి తక్కువైన బాలిక ఉండవచ్చును. వారిని చూచి నవ్వకుడు. ఒకనాడు అన్నగారు తమ్మునిచేతి కొక వాయులీనము నందించినట్లు, మీరును వారికి చేతనైన సాయము నందింపుడు. వారిలో ఏ నాదము దాగియున్నదో ఎవరెరుగుదురు?