హెవెసీ వెతికిన జాడ.. గుండె జబ్బుకు ఆధారం

డెబ్బై దాటిన మీ ఇంటి పెద్దాయన నాలుగడుగులేస్తే ఆయాసపడుతున్నారా? కాళ్లు వాస్తున్నాయా? ఎకోలో గుండె గోడలు మందంగా కనిపిస్తే బీపీ వల్లేనని సరిపెట్టుకోకండి. ఒక రకం ప్రొటీన్ గుండె కండరంలో పేరుకుపోయే అమిలాయిడోసిస్ కూడా కావచ్చు. దాన్ని పట్టిచ్చే న్యూక్లియర్ స్కాన్‌కు మూలపురుషుడు జార్జ్ డి హెవెసీ.

ఆయన 1885లో బుడాపెస్ట్‌లో పుట్టారు. 1911లో మాంచెస్టర్‌లో రూథర్‌ఫర్డ్ దగ్గర చేరితే, సీసంలో కలిసి ఉన్న రేడియం-డిని వేరుచేసే పని అప్పగించారు. ఎంత తంటాలు పడ్డా కాలేదు. అవుతుందా మరి! అదీ సీసమే, కాకపోతే రేడియోధార్మిక రూపం. వేరుపడకపోతేనేం, సీసం ఎటు పోతే అటు పోతుంది కాబట్టి జాడ చూపిస్తుందని హెవెసీకి తట్టింది. తాను బస చేసిన ఇంటావిడ మిగిలిన కూరే మళ్లీ వడ్డిస్తోందని అనుమానించి, అందులో కాస్త రేడియోధార్మిక పదార్థం కలిపి పట్టేశారని చెబుతారు. (మీరు మాత్రం ప్రయత్నించకండి.)

1923లో చిక్కుడు మొక్కల్లో సీసం ప్రయాణాన్ని ఇలాగే గమనించారు. 1935లో కోపెన్‌హేగెన్‌లో ఎలుకలకు రేడియోధార్మిక ఫాస్ఫరస్ ఇచ్చి చూస్తే, అది ఎముకల్లో చేరుతోంది, మళ్లీ బయటికొస్తోంది. ఎముక రాయిలా నిశ్చలంగా ఉండదని తేలింది. 1943 సంవత్సరపు నోబెల్ దక్కింది. 1966లో కన్నుమూశారు.

ఎముకల స్కాన్‌దీ ఆ దారే. టెక్నీషియం అనే రేడియోధార్మిక మూలకాన్ని పైరోఫాస్ఫేట్‌కు జతచేసి నరంలోకి ఎక్కిస్తే ఎముకలను చేరుతుంది. మామూలు గుండెను పెద్దగా పట్టించుకోదు. కాలేయంలో తయారయ్యే ట్రాన్స్‌థైరెటిన్ ప్రొటీన్ పేరుకున్న గుండెనైతే పట్టుకుంటుంది. గంటకో, మూడు గంటలకో తీసే చిత్రంలో గుండె పక్కటెముకలతో సమానంగానో, అంతకన్నా ఎక్కువగానో వెలుగుతుంది. రక్త, మూత్ర పరీక్షలు కూడా బాగుంటే చాలామందికి గుండె ముక్క తీసి పరీక్షించే అవసరం తప్పుతుంది.

ఆ పరీక్షల్ని మాత్రం వదలొద్దు. మూలుగలోని కణాల వల్ల వచ్చే ఏఎల్ రకంలోనూ ఒక్కోసారి గుండె వెలుగుతుంది. దాని చికిత్స వేరు, కీమోథెరపీ వెంటనే మొదలవ్వాలి. స్కాన్ ఒక్కటే నమ్ముకుని నెలలు గడిపేస్తే ప్రాణం మీదికొస్తుంది. అందుకే మా చోడవరం నుంచి విశాఖకు స్కాన్ కోసం బయల్దేరేవారు ఫ్రీ లైట్ చైన్, ఇమ్యునోఫిక్సేషన్ పరీక్షలు కూడా రాయమని డాక్టర్ని అడగండి. మణికట్టు దగ్గర నరం నొక్కుకుపోయి ఎప్పుడో రెండు చేతులకూ ఆపరేషన్ జరిగి ఉంటే, ఆ సంగతీ చెప్పండి.