జగదీశచంద్ర బోసు

రాయి చోటు విడిచి కదలదు, చెట్టును కదలదు. అయినను రాయి జడము, చెట్టు ప్రాణి. ఆహారము గొనుట, శ్వాసించుట, పెరుగుట, మలినములను విసర్జించుట, సంతానమును కనుట, బాహ్యప్రేరణలకు స్పందించుట - ఇవి ప్రాణికోటి కెల్ల సమానమైన లక్షణములు. మేకను అదలించిన బెదరును. అత్తిపత్తిని తాకిన ముడుచుకొనును. తక్కిన పెక్కు మొక్కల స్పందన మాత్రము వెంటనే కంటికి కానరాదు. దానిని యంత్రసాయమున లోకమునకు చూపిన మహనీయుడు జగదీశచంద్ర బోసు.

ఇతడు 1858 నవంబరు 30వ తేదీన వంగదేశమున జన్మించెను. తండ్రి భగవాన్‌చంద్రుడు ప్రభుత్వోద్యోగి. ఆంగ్ల విద్యపై మోజు హెచ్చిన ఆ దినములలో ఆయన కుమారుని మాతృభాషా పాఠశాలకే పంపెను. అచట జాలరుల బిడ్డలును, కర్షకుల బిడ్డలును చెప్పెడి పశుపక్షుల కథలు వినుచు, బాలుడు ప్రకృతిపై మక్కువ పెంచుకొనెను.

కేంబ్రిడ్జిలో చదువు ముగించి, 1885లో కలకత్తా ప్రెసిడెన్సీ కళాశాలలో భౌతికశాస్త్రాచార్యుడయ్యెను. భారతీయుడగుటచే అతనికి ఆంగ్లేయులకంటె తక్కువ వేతనము నిర్ణయించిరి. ఇంట అప్పుల బాధ యున్నను బోసు మూడేండ్లు వేతనమును ముట్టలేదు. పాఠము చెప్పుట మానలేదు. తుదకు అధికారులు పూర్తి వేతనమును, పాత బాకీతోసహా చెల్లించిరి.

మొదట విద్యుత్తరంగములను పరిశోధించిన బోసు పిదప వృక్షములవైపు దృష్టి మరలించెను. ముల్లంగి, కారెట్టు వంటి సామాన్య శాకములుకూడ దెబ్బ తగిలినప్పుడు విద్యుత్స్పందన చూపుననియు, విషమిడినచో అది క్షీణించి అణగిపోవుననియు కనుగొనెను. 1901లో లండనులో ఈ ప్రయోగములను ప్రదర్శించెను. శరీరశాస్త్రమున పేరొందిన కొందరు పండితులు దీనిని నమ్మరైరి. భౌతికశాస్త్రజ్ఞుడు తన శాస్త్రమునకే పరిమితుడై యుండవలెనని వారి అభిప్రాయము. రాయల్ సొసైటీ అతని వ్యాసమును ప్రచురింపక నిలిపివేసెను. బోసు క్రుంగక, మరుసటి యేడు తన ఫలితములను గ్రంథముగా వెలువరించెను. మొక్కల పెరుగుదలను పదివేల రెట్లు పెంచి చూపు క్రెస్కోగ్రాఫు అను యంత్రమునుకూడ నిర్మించెను.

1917లో కలకత్తాయందు బోసు విజ్ఞానమందిరమును స్థాపించెను. ఒకనాడు వ్యాసమును నిలిపివేసిన రాయల్ సొసైటీయే 1920లో అతనిని సభ్యునిగా ఎన్నుకొనెను. 1937 నవంబరు 23వ తేదీన ఇతడు గిరిడీలో కన్నుమూసెను.

జంతువులకువలె మొక్కలకును నాడులు కలవన్న అతని భావమును తరువాతి శాస్త్రజ్ఞులు అంగీకరింపలేదు. కాని మొక్కలలో విద్యుత్సంకేతములు ప్రసరించుట నేడు స్థిరపడిన సత్యము. బాలలారా! మూగదైన మొక్కయు మనవలెనే ప్రాణి. ఊరక ఆకు త్రుంపబోవునప్పుడు బోసును తలచుకొనుడు.