ఓటమిని మోసిన నావికుడు: జిసబురో ఒజావా

వాడరేవు అను పేరులోని వాడ శబ్దమునకు నిఘంటువులు చెప్పు అర్థము ఓడ. చీరాల దాపున నున్న ఆ పల్లెలో నేడు కనిపించునవి చేపల పడవలే గాని, పేరు మాత్రము పూర్వపు నౌకావర్తకమును తలపించుచున్నది. ఆ తీరమున నిలిచి తూర్పునకు చూచినచో కనిపించు బంగాళాఖాతములో, 1942 ఏప్రిల్ 6వ తేదీ సోమవారమునాడు, ఒక్క పగటిలో సుమారు ఇరువది వర్తకనౌకలు మునిగిపోయినవి. ఆనాడే కాకినాడ మీదను, విశాఖపట్టణము మీదను జపాను విమానములు బాంబులు వేసినవి. ఈ కథ పెద్దల నోట విన్నవారు మనలో పెక్కురు కలరు. ఆ దాడిని నడిపిన సేనాని యెవరో ఎరిగినవారు అరుదు. అతడు జిసబురో ఒజావా. జపాను సామ్రాజ్య నౌకాదళమునకు కడపటి సర్వసేనాధిపతి.

ఒజావా 1886 అక్టోబరు 2వ తేదీన క్యూషూ ద్వీపములోని మియజాకి మండలమున, తకనబె అను చిన్న పట్టణములో జన్మించినాడు. అప్పటికి జపానులో మెయిజీ చక్రవర్తి పాలన ఆరంభమై పదునెనిమిది సంవత్సరములు. సమురాయిల కత్తులు పోయి, 1873లో నిర్బంధ సైనికసేవ వచ్చినది. అంతవరకు యుద్ధము కొందరి కులవృత్తి. అటుపిమ్మట అది రైతుబిడ్డకు, చేనేతవాని కొడుకునకు కూడ విధి యైనది. 1882లో చక్రవర్తి సైనికులకు, నావికులకు ఒక శాసనమును ప్రసాదించినాడు. ప్రతి సైనికుడును దానిని కంఠస్థము చేయవలెను. రాజభక్తియే సర్వధర్మములకు మూలమనియు, పై అధికారి ఆజ్ఞ చక్రవర్తి ఆజ్ఞయే యనియు దాని సారాంశము. మన వీథిబడులలో బాలురు అమరకోశము వల్లించినట్లు, ఆ దేశపు సైనికశాలలలో యువకులు దానిని వల్లించినారు. అమరము తెలియని బాలునికి బెత్తము దెబ్బలు తగిలినట్లే, అది అప్పగించలేని సైనికునికి చెంపదెబ్బలు తగిలినవి.

బాల్యములో ఒజావా సాధువు కాడు. ఆజానుబాహువు, జూడో విద్యలో ఆరితేరినవాడు. ఒక కొట్లాట కారణముగా మియజాకి పాఠశాల నుండి తొలగింపబడి, టోక్యోలో చదువు సాగింపవలసి వచ్చినది. పాఠశాల వెళ్లగొట్టిన పిల్లలందరు చెడిపోవుదురని నమ్ము ఉపాధ్యాయులు ఈ సంగతిని గమనింపవలెను. 1905 మే నెలలో సుషిమా జలసంధిలో తోగో సేనాని రష్యా నౌకాదళమును నాశనము చేసినప్పుడు ఒజావాకు పదునెనిమిదేండ్లు. ఆసియాఖండపు జాతి యొకటి ఐరోపా సామ్రాజ్యము నొకదానిని ఓడించెనన్న వార్త మన దేశములో కూడ విద్యావంతుల హృదయములను ఉప్పొంగజేసినది. మరి రెండేండ్లకు బిపిన్ చంద్రపాల్ ఆంధ్రదేశమున వందేమాతర సందేశముతో సంచరించినప్పుడు, యువకుల ఉత్సాహములో ఆ వార్తకు కూడ ఒక పాలు ఉండినది. అదే గాలిలో ఒజావా హిరోషిమా సమీపమునందలి యెతజిమా నౌకాకళాశాలలో చేరి, 1909లో పట్టభద్రుడైనాడు.

తరువాతి ముప్పది యేండ్లు ఉద్యోగపు మెట్లు. అతని ప్రత్యేకవిద్య టార్పెడో. ముఖము కఠినముగా నుండుటచే తోటివారు అతనికి ఒనిగవర అని మారుపేరు పెట్టినారు. జపాను ఇండ్ల కప్పు చివర దృష్టిదోషము పోవుటకై అమర్చు రాక్షసముఖపు పెంకునకు అది పేరు. ఆ ముఖము వెనుక నున్న బుద్ధి మాత్రము తన కాలము కంటె ముందు నడచినది. టార్పెడో విద్యలో తలపండినవాడైనను, 1939లో విమానవాహక నౌకల విభాగమునకు అధిపతి యైన కొద్దికాలములోనే, రాబోవు యుద్ధము విమానములదని గ్రహించినాడు. వాహకనౌకలను ఒక్కొక్కటిగా యుద్ధనౌకల వెంట తోకవలె త్రిప్పుట తగదనియు, అన్నిటిని ఒక్క దళముగా కూర్చవలెననియు 1940లో పై వారికి ప్రతిపాదించినాడు. 1941 ఏప్రిల్‌లో ఆ దళము ఏర్పడినది. దాని ఆధిపత్యము మాత్రము అతనికి దక్కలేదు. ఉద్యోగపు వరుసలో ఒక యేడు పెద్దవాడైన నగుమోకు అది లభించినది. ఆ దళముతోనే నగుమో డిసెంబరులో పెరల్ హార్బరుపై దాడి చేసినాడు. జ్యేష్ఠత చూచి పీట వేయుట మన కచేరీలకు మాత్రమే పరిమితమైన ఆచారము కాదని దీనివలన తెలియును.

ఒజావాకు దక్షిణసముద్రములు అప్పగింపబడినవి. జపానులో పదాతిదళమునకు, నౌకాదళమునకు సవతుల పోరు. మలయాపై దండయాత్రకు ముందు, కోటబారు రేవు వద్ద సైన్యమును దింపుటకు నౌకలు రక్షణ ఇచ్చునా, ఈయవా అని ఇరుపక్షములు తగవులాడినవి. సింగపూరు దాపున బ్రిటిషు విమానస్థావరములు ఉన్నందున అది ప్రమాదకరమైన పని. ఒజావా ఆ బాధ్యతను తన తలపై వేసికొని తగవు ముగించినాడు. ఆ సైన్యము కోటబారులో దిగినది పెరల్ హార్బరు దాడికి ఇంచుమించు ఒక గంట ముందు. డెబ్బది దినములలో సింగపూరు పడిపోయినది. 1942 మార్చి 8న రంగూను పట్టుబడినది. మార్చి 23న అండమాను దీవులు జపాను వశమైనవి.

రంగూను పతనము మనకు పరాయి వార్త కాదు. మనవారు రంగమని పిలుచుకొన్న ఆ నగరములో రేవు కూలీలుగను, మిల్లు పనివారుగను తెలుగువారు వేలకొలది ఉండిరి. వారిలో అనేకులు కొండలు, అడవులు దాటి కాలినడకన స్వదేశమునకు బయలుదేరినారు. దారిలో ఆకలికి, జ్వరములకు బలియైనవారు పెక్కురు. బర్మా బియ్యము రాక ఆగిపోయి, మద్రాసు రాజధాని అంతట ధాన్యమునకు కటకట యేర్పడినది. రంగూనును పట్టిన సైన్యమునకు బలగమును, సామగ్రిని సముద్రమార్గమున చేర్చవలెను. బంగాళాఖాతములో శత్రునౌక తిరుగరాదు. ఆ పని ఒజావా మీద పడినది.

ఏప్రిల్ 1వ తేదీన బర్మా దక్షిణ తీరమునందలి మెర్గుయి నుండి అతడు బయలుదేరినాడు. చోకాయి అను యుద్ధనౌక అతని పతాకనౌక. దానితో కలిసి అయిదు భారీ క్రూయిజర్లు, ఒక తేలిక క్రూయిజరు, నాలుగు డెస్ట్రాయర్లు, ర్యూజో అను చిన్న విమానవాహక నౌక. అదే సమయములో నగుమో పెద్ద దళముతో సింహళముపై విరుచుకుపడినాడు. ఏప్రిల్ 5 ఈస్టరు ఆదివారమునాడు కొలంబోపై బాంబులు వేసినాడు. కొలంబోకు ముప్పు గ్రహించిన బ్రిటిషు అధికారులు కలకత్తా నుండియు, ఇతర రేవుల నుండియు వర్తకనౌకలను కదలించినారు. రక్షకనౌక యొక్కటియు తోడు లేక అవి తీరము వెంట చెదరిపోవుచుండినవి. ఒజావా తన బలమును మూడు పాయలుగా చీల్చినాడు. ఒకటి పూరీ దిక్కునకు పోయినది. నడుమ నున్నది తానే నడిపినాడు. మూడవది దక్షిణముగా, మన కృష్ణా సాగరసంగమమునకు తూర్పున నడిసముద్రములో వేటాడినది. ర్యూజో విమానములు కాకినాడ, విశాఖపట్టణముల మీదికి ఎగిరినవి.

ఈ దాడిలో మొత్తము ఇరువదిమూడు నౌకలు, సుమారు 1,12,000 టన్నుల పరిమాణము గలవి మునిగినవి. యుద్ధచరిత్రకారులు ఈ అంకెను మెచ్చుకొనుచు వ్రాయుదురు. నాకు మాత్రము ఆ అంకె వద్ద కలము ఆగును. ఆ నౌకలు యుద్ధనౌకలు కావు, సరుకు మోయునవి. పెక్కింటి పేరు బ్రిటిషు కంపెనీలది. బొగ్గు వేసినవారు, నీళ్లు తోడినవారు, వంట వండినవారు అధికభాగము భారతీయులైన కళాసీలు. ఆసియావాసులకు విముక్తి కలిగింతునని ప్రకటించిన ప్రభుత్వపు గుండ్లు మొదట తాకినది ఆ బీద ఆసియావాసులను. బ్రతికినవారు పడవలపై ఒడ్డు చేరినారు. ఒజావా నిరంకుశముగా క్రూరుడని చెప్పుటకు ఆధారము లేదు. అతడు తనకు వచ్చిన ఆజ్ఞను, బాగుగా ఎరిగిన విద్యతో, లోపము లేకుండ నెరవేర్చినాడు. బాధ అంతయు అక్కడనే ఉన్నది.

విశాఖపట్టణములో విమానరక్షణ అనదగినది అప్పుడు లేదు. బాంబులు పడినది కొన్నియే, మరణించినవారు కొందరే. భయము మాత్రము తీరమంతయు ప్రాకినది. ఏప్రిల్ 6 అనగా 1919 సత్యాగ్రహ హర్తాళము నుండి కాంగ్రెసువారు జరుపుకొను జాతీయ వారమునకు మొదటిదినము. డిల్లీలో క్రిప్సు రాయబారము సాగుచున్నది. దొరలు మనలను కాపాడగలరన్న నమ్మకము ఆ ఒక్క పూటతో సడలిపోయినది. ఒక వారము తిరుగకుండ మద్రాసు నగరమును ప్రభుత్వమే ఖాళీ చేయించినది. హైకోర్టు కోయంబత్తూరు పోయినది. జంతుశాలలోని క్రూరమృగములను కాల్చివేసినారు. మూటలు కట్టుకొని జనము రైళ్లపై పడినారు. బ్రిటిషు తూర్పు నౌకాదళము ఆఫ్రికా తీరమునకు తొలగిపోయినది. ఆ సమయములో జపాను దిగివచ్చియుండినచో అడ్డు నిలుచువారు లేరు. కాని ఒజావా వెనుదిరిగినాడు. అతనికి వచ్చిన ఆజ్ఞ అంతవరకే. జపాను దృష్టి అప్పటికే పసిఫిక్ మహాసముద్రము వైపు మళ్లినది.

జపాను వచ్చినచో స్వాతంత్ర్యము వచ్చునని ఆశించినవారు అప్పుడు మనలో లేకపోలేదు. వారి ఆశకు సమాధానము అండమానులో దొరకును. అక్కడ మూడేండ్లు సాగిన ఆక్రమణలో, 1944 జనవరి 30న హంఫ్రీగంజ్ వద్ద గూఢచారులన్న నెపముతో నలుబదినలుగురు భారతీయులను కాల్చిచంపినారు. ఒజావా అప్పటికి ఆ ప్రాంతములో లేడు. అయినను ఆ దీవులను పట్టుకొన్నది అతని నాయకత్వములోని నౌకలే.

1942 నవంబరులో నగుమో స్థానము ఎట్టకేలకు అతనికి లభించినది. కాని తాను ఊహించిన దళము అప్పటికి లేదు. పెరల్ హార్బరుకు వెళ్లిన ఆరు వాహకనౌకలలో నాలుగు మిడ్వే వద్ద జూన్ నెలలో మునిగిపోయినవి. ఆరితేరిన విమానచోదకులు నానాటికి తగ్గిపోవుచుండిరి. 1944 జూన్ 19, 20 తేదీలలో ఫిలిప్పీను సముద్రములో అతడు అమెరికా దళము నెదిరించినాడు. అతని యోచనలో తప్పు లేదు: జపాను విమానములు దూరము పోగలవు గనుక, శత్రువు తనను అందుకొనకమునుపే కొట్టవలెనని. కాని ఆ విమానములు నడిపినవారు తగిన శిక్షణ లేని పిల్లలు. యుద్ధమునకు ముందు నౌకలు నిలిచిన తావితావి వద్ద విమానస్థలము లేక వారికి అభ్యాసమే సాగలేదు. వందలకొలది విమానములు కూలినవి. అతని పతాకనౌక తైహో ఒకే టార్పెడో దెబ్బ తిన్నది. చీలిన తొట్టెల నుండి పెట్రోలు ఆవిరి ఓడ అంతట వ్యాపించి, కొన్ని గంటల పిమ్మట ప్రేలి మునిగినది. ఒజావా రాజీనామా ఇచ్చినాడు. పై వారు స్వీకరింపలేదు.

అదే సంవత్సరము అక్టోబరులో అతనికి వచ్చిన పని సేనానులెవరును కోరుకొననిది. అమెరికా సైన్యము ఫిలిప్పీను దీవులలోని లేతే వద్ద దిగినది. దానిపై కురిత అను సేనాని పెద్ద యుద్ధనౌకలతో పడవలెను. అడ్డుగా నున్న అమెరికా వాహకదళమును ఉత్తరమునకు ఆకర్షించుటకు ఒజావా ఎరగా పోవలెను. మిగిలిన నాలుగు వాహకనౌకలు, వాటిపై వందకు కొద్దిగా మించిన విమానములు. పులిని పట్టుటకు కట్టిన మేక తాను మేకనని ఎరిగి నడచినట్లు అతడు నడచినాడు. శత్రువు తనను చూడవలెనని ఆత్రపడినాడు. అమెరికా సేనాని హాల్సీ ఎర మ్రింగినాడు. అక్టోబరు 24 రాత్రి తన బలమంతటితో ఉత్తరమునకు తరలినాడు. మరునాడు ఒజావా నాలుగు వాహకనౌకలు మునిగినవి. పెరల్ హార్బరుకు పోయినవాటిలో కడపటిదైన జుయికాకు కూడ అందులో ఒకటి. అతడు ఓయొదో అను క్రూయిజరునకు మారి ప్రాణములతో బయటపడినాడు. ఆ దినమంతయు జపాను వ్యూహములో అనుకొన్నది అనుకొన్నట్లు జరిగినది ఇది యొక్కటే. కాని ఎర ఫలించినదని ఒజావా పంపిన వార్త కురితకు చేరలేదు. తెరచియున్న ద్వారము ముందు నిలిచి, ఆ సంగతి తెలియక, కురిత వెనుదిరిగినాడు.

1945 మే నెలాఖరున ఒజావా సర్వసేనాధిపతి యైనాడు. అప్పటికి ఆధిపత్యము వహించుటకు నౌకలు లేవు. ఉన్నవాటికి నూనె లేదు. ఆ పదవితో పూర్ణ అడ్మిరల్ హోదా ఇత్తుమనగా అతడు వలదని, వైస్ అడ్మిరల్‌గనే ఉండిపోయినాడు. ఆగస్టు 15న చక్రవర్తి లొంగుబాటు ప్రకటించిన పిమ్మట, ఉగకి అను సేనాని ఆత్మాహుతి దాడికై విమానమెక్కి, వెంట పదికి మించిన యువకులను తీసికొనిపోయినాడు. లోకము దానిని వీరమరణమని పొగడవచ్చును. ఒజావా మాత్రము సహింపలేదు. చావదలచినచో తానొక్కడే చావవలసినదని అతని అభిప్రాయము. పలువురు సేనానులు కడుపు కోసికొన్న ఆ దినములలో, తన వారెవ్వరును ఆ పని చేయరాదని వారించినాడు, తానును చేయలేదు. అందరు చచ్చినచో యుద్ధము ముగించు పని ఎవరు చూచుదురని అతని వాదము. మరణమునే పరమధర్మముగా బోధించిన సేనలో, సర్వసేనాధిపతికి బ్రతికియుండుట ఎంత కష్టమో ఊహింపవలసినదే.

యుద్ధనేరముల విచారణలో అతని మీద అభియోగము రాలేదు. అమెరికా అధికారులు 1945 అక్టోబరులో ప్రశ్నింపగా, లేతేలో తన నౌకలు ఎర కొరకే పోయినవని దాపరికము లేక చెప్పినాడు. ఆ పిమ్మట టోక్యోలో నిరాడంబరముగా, మాట తక్కువగా ఇరువది యొక్క సంవత్సరములు జీవించి, 1966 నవంబరు 9వ తేదీన, ఎనుబదియవ యేట మరణించినాడు. విశాఖపట్టణము సముద్రతీరమునందలి ప్రదర్శనశాలలో, ఆనాడు పడి ప్రేలని బాంబు ఒకటి నేటికిని ఉన్నది.