ఆక్స్‌ఫర్డ్‌లో పుట్టి.. కాకినాడ మెడికల్ కాలేజీకి దేహమిచ్చిన సైంటిస్ట్
జె.బి.ఎస్. హాల్డేన్.. 1892లో ఆక్స్‌ఫర్డ్‌లో పుట్టారు. దెబ్బ తగిలితే రక్తం ఓ పట్టాన ఆగని జబ్బు హీమోఫీలియా. జన్యువు మోసే తల్లికి సాధారణంగా ఏమీ కాదు, కొడుక్కి వస్తుంది. మరి ఏ ఆడపిల్ల దాన్ని మోస్తోందో ముందే కనిపెట్టేదెలా? హాల్డేన్, జూలియా బెల్ ఆ కుటుంబాల తరతరాల వివరాలు తిరగేశారు. కొన్నింట్లో కలర్ బ్లైండ్‌నెస్ కూడా ఉంది. ఒక ఇంట్లో రెండూ కలిసి వస్తే దాదాపు కలిసే, విడిగా వస్తే విడిగానే! అంటే రెండు జన్యువులూ ఎక్స్ క్రోమోజోమ్‌పై దగ్గర దగ్గరగా ఉన్నట్టే. మైక్రోస్కోప్‌తో పనిలేకుండా 1937లో లెక్కలతోనే తేల్చేశారు. పక్క జన్యువును చూసి జబ్బు జన్యువును పట్టే ఈ ఉపాయమే తర్వాత జెనెటిక్ టెస్టులకు దారి చూపింది. 1957లో కలకత్తా వచ్చేశారు, తర్వాత భారత పౌరుడయ్యారు. 1964 డిసెంబర్ 1న క్యాన్సర్‌తో భువనేశ్వర్‌లో కన్నుమూశారు. ముందే రాసిచ్చినట్టు ఆయన దేహం కాకినాడ రంగరాయ మెడికల్ కాలేజీకి చేరింది.