రాజమండ్రి రత్నం పెన్ను



స్వర్ణోత్సవ సంచికలో బడి జ్ఞాపకాలు ఎలాగూ చాలామంది రాస్తారు. నేను మనందరి వేళ్లకు సిరా అంటించిన పాళీ పెన్ను గురించి, దాన్ని తెలుగుగడ్డ మీద తయారుచేసి చూపించిన కోసూరి వెంకటరత్నం గారి గురించి రాస్తున్నాను. కె.వి. రత్నం అంటే పెద్దవాళ్లకు వెంటనే గుర్తొస్తుంది.

ఆయనది రాజమండ్రి. మనం ఆముదాలవలసలో రైలెక్కితే గోదావరి వంతెనకు ముందు వచ్చే ఊరు. వృత్తి స్వర్ణకారం. అచ్చులు చెక్కడంలో మంచి పనివాడు. 1921లో, సహాయ నిరాకరణ ఉద్యమం జోరుగా ఉన్న రోజుల్లో, ఆయన గాంధీజీని కలిశారు. నగలూ అచ్చులూ సరే, గుండుసూది మొదలు కలం దాకా సామాన్యుడికి రోజూ పనికొచ్చే వస్తువు ఏదైనా ఇక్కడే చేయమని గాంధీజీ సలహా ఇచ్చారట. అప్పట్లో మంచి ఫౌంటెన్ పెన్ను కావాలంటే విదేశీ సరుకే దిక్కు. స్వరాజ్యం కోసం రాసే వ్యాసం కూడా సీమ పెన్నుతోనే రాయాల్సి వచ్చేది.

ఆ మాట పట్టుకుని రత్నం గారు పెన్నుల తయారీ మొదలుపెట్టింది 1932లో. పెన్ను చేయడం అంత కష్టమా అని ఎవరికైనా అనిపించవచ్చు. ఇంజనీరుగా చెబుతున్నాను, కష్టమే. గొట్టం, మూత చేయడం అందులో సులువైన భాగం. రబ్బరులో గంధకం ఎక్కువ పాళ్లలో కలిపి ఉడికిస్తే ఎబొనైట్ అనే గట్టి పదార్థం వస్తుంది. దాని కడ్డీని లేతు మీద తరిగి, లోపల తొలిచి, మర కోస్తారు. మర వదులైతే సిరా కారుతుంది, బిగుతైతే మూత పగులుతుంది.

అసలు పరీక్ష పాళీ దగ్గర, దాని కింద ఉండే నాలిక దగ్గర. పెన్నులోంచి సిరా ఎంత బయటికి వస్తే అంత గాలి లోపలికి పోవాలి. రెంటికీ దారి ఆ నాలిక మీది సన్నని గాడే. గాడి లోతు కాస్త ఎక్కువైతే కాగితం మీద మరక, తక్కువైతే రాత మధ్యలో ఆగుతుంది. సగం ఖాళీ అయిన పెన్ను జేబులో ఎందుకు కక్కేదో ఇప్పుడు అర్థమవుతుంది. ఒంటి వేడికి లోపలి గాలి వ్యాకోచించి సిరాను బయటికి నెడుతుంది. ఇక పాళీ. పలచటి రేకును కత్తిరించి, రంధ్రం పొడిచి, వంచి, నిట్టనిలువుగా చీల్చాలి. కాగితం మీద అరిగిపోకుండా మొనకు గట్టి లోహపు చుక్క అతికి, గీసుకోకుండా నునుపు చేయాలి. స్వర్ణకారుడి చేయి ఇక్కడే అక్కరకొచ్చింది. మిల్లీమీటరులో పదోవంతు తేడాను కంటితో పట్టే ఓపిక ఆ వృత్తిలోనే ఉంది.

తయారైన పెన్ను జె.సి. కుమారప్ప ద్వారా గాంధీజీకి చేరింది. అఖిల భారత గ్రామ పరిశ్రమల సంఘం బాధ్యతలు చూస్తున్న కుమారప్ప, స్వదేశీ అన్న పేరు చూసి సరిపెట్టుకునే మనిషి కాదు. ఏ భాగం ఎక్కడ తయారైందో తేల్చుకునే రకం. 1935 జూలై 16న వార్ధా నుంచి గాంధీజీ రత్నం గారికి ఉత్తరం రాశారు. పెన్ను అందిందని, దానితో రాసి చూశానని, బజారులో దొరికే విదేశీ పెన్నులకు బదులుగా బాగానే పనికొస్తుందని అందులోని సారాంశం. రాజమండ్రి పెన్ను పేరు దేశమంతా తెలిసింది.

తర్వాత బాల్‌పెన్ను వచ్చింది. చవక, కారదు, సిరా బుడ్డీతో పనిలేదు. పాళీ పెన్నుల కార్ఖానాలు చాలా మూతపడ్డాయి. రత్నం గారి కుటుంబం మాత్రం ఆయన తర్వాతా చేతితో పెన్నులు చేయడం మానలేదు. ఇప్పటికీ రాజమండ్రి పెన్నును వెతుక్కుని కొనేవాళ్లున్నారు.

ఆయన జీవితంలో నాకు పెద్దగా కనిపించేది ఆ ఉత్తరం కాదు, 1921కీ 1935కీ మధ్య ఉన్న పద్నాలుగేళ్లు. విడిభాగాలు బయటి నుంచి తెచ్చి, బిగించి, పైన మన పేరు అంటించడం మా వృత్తిలో ఇప్పటికీ మామూలే. అందులో తప్పు లేదు. కానీ పాళీ చేయడం రానంత కాలం పెన్ను మనది కాదు. ఈ సంగతి మన జిల్లాకు కొత్త కాదు. పొందూరులో వాలుగ చేప దవడతో పత్తిని ఏకి, సన్న నూలు వడికే మన ఆడవాళ్లు, పత్తికాయ దగ్గర నుంచి బట్ట దాకా ప్రతి మెట్టూ మన ఊళ్లోనే ఉండాలన్న పట్టుదలను ఎప్పటి నుంచో నిలబెట్టారు. ఆ పట్టుదలనే రత్నం గారు లోహంలో చూపించారు.

ఒకప్పుడు బడుల్లో క్రాఫ్టు పీరియడు ఉండేది. మార్కులు లేవని మెల్లగా పోయింది. స్వర్ణోత్సవం గుర్తుగా మన సంఘం ఏదైనా చేయాలనుకుంటే, ఒక గదిలో బల్ల, వైసు, ఆకురాళ్లు, ఒక చిన్న లేతు ఏర్పాటు చేద్దామని నా మనవి. వారానికి ఒక గంట పిల్లలు అక్కడ ఏదో ఒకటి మొదటి నుంచి చివరి వరకు స్వయంగా చేయాలి. నేర్పడానికి వచ్చే మొదటి జట్టులో నా పేరు రాసుకోండి.