చీఫ్ డాన్ జార్జ్: అరవై ఏళ్లకు నటుడైన పెద్దాయన

కెనడా పశ్చిమ తీరంలో వాంకూవర్ నగరాన్ని ఆనుకుని బర్రార్డ్ ఇన్లెట్ అనే సముద్రపు పాయ ఉంది. దాని ఒడ్డున నివసించే స్లేవాతూత్ తెగలో 1899 జూలై 24న చీఫ్ డాన్ జార్జ్ గారు జన్మించారు. అప్పటికి ఆయన పేరు అది కాదు. ఇంట్లో పెట్టిన పేరు గెస్వనౌత్ స్లహూత్. ఐదేళ్ల వయసులో మిషన్ వసతి బడిలో చేర్చినప్పుడు ఆ పేరు తీసేసి ఇంగ్లీషు పేరు రాశారు. సొంత భాష మాట్లాడటం అక్కడ నిషేధం. బడి రిజిస్టరులో పేరు మారిపోవడం అంటే ఏమిటో మన పెద్దల్లో కొందరికి చెప్పనక్కరలేదు.

చదువు పదహారు, పదిహేడేళ్లకు ముగిసింది. ఆ తరువాత 27 ఏళ్లపాటు ఓడరేవులో ఓడలకు కలప ఎక్కించే కూలీగా పనిచేశారు. 1947లో దెబ్బ తగిలి ఆ పని మానేయాల్సి వచ్చింది. కట్టడం పనులు చేశారు, స్కూలు బస్సు నడిపారు, పిల్లలతో కలిసి పాటల బృందం కట్టి ఊరూరా తిరిగారు. 1951 నుంచి 1963 వరకు తన తెగకు చీఫ్‌గా ఉన్నారు. సినిమా వాళ్లు తగిలించిన బిరుదు కాదది.

1960లో కెనడా ప్రభుత్వ టెలివిజన్ సీబీసీ ‘కారిబూ కంట్రీ’ అనే ధారావాహిక తీస్తుండగా ముసలి ఆంత్వాన్ పాత్రధారి జబ్బుపడ్డారు. అందులో నటిస్తున్న డాన్ జార్జ్ గారి కుమారుడు తండ్రి పేరు చెప్పారు. అలా అరవై ఏళ్ల వయసులో ఆయన నటులయ్యారు. కెనడాలో ఆదివాసులు తమ హోదా వదులుకోకుండానే దేశ ఎన్నికల్లో ఓటు వేసే హక్కు పొందినది కూడా ఆ ఏడాదే.

1967 జూలై 1న కెనడా నూరేళ్ల పండుగ జరిగింది. వాంకూవర్ ఎంపైర్ స్టేడియంలో 30 వేలకు పైగా జనం. ఆ సంబరంలో ఆయన లేచి, ఈ నూరేళ్లలో తన జనం పోగొట్టుకున్న నేలను, చేపలను, భాషను, పరువును ఒక విలాపంగా వినిపించారు. పుట్టినరోజు పండుగకు పిలిచి పీట వేస్తే అప్పు లెక్క చదివినట్టు! అంత ధైర్యం మామూలు విషయం కాదు.

1970లో ఆర్థర్ పెన్ దర్శకత్వంలో ‘లిటిల్ బిగ్ మ్యాన్’ వచ్చింది. నాయకుడు డస్టిన్ హాఫ్‌మన్. అతన్ని పెంచుకున్న షాయెన్ తాత ఓల్డ్ లాడ్జ్ స్కిన్స్ పాత్ర డాన్ జార్జ్ గారిది. అందులో ఒక ఘట్టం ఉంది. తాత చావడానికి సిద్ధపడి కొండ ఎక్కుతాడు, దేవుణ్ణి ప్రార్థించి వెల్లకిలా పడుకుంటాడు. చావు రాదు, మొహం మీద వాన చినుకులు పడతాయి. సరేలే అనుకుని లేచి మనవడితో ఇంటికి బయలుదేరతాడు. సినిమాకు ఆధారమైన నవలలో తాత అక్కడే చనిపోతాడు. తెర మీద మాత్రం బతికాడు. అంతకు ముందు హాలీవుడ్‌లో ఇండియన్ అంటే గుర్రం మీద కేకలు వేసేవాడు, లేదా బొమ్మలా నిలబడేవాడు. ఈ తాత నవ్విస్తాడు, పొరపడతాడు, ప్రేమిస్తాడు. ఆ పాత్రకు న్యూయార్క్ విమర్శకుల అవార్డు వచ్చింది. ఆస్కార్‌కు ఉత్తమ సహాయ నటుడిగా నామినేషన్ దక్కింది కానీ అవార్డు జాన్ మిల్స్‌కు వెళ్లింది.

తన జనాన్ని కించపరిచే వేషాలను ఆయన ఒప్పుకోలేదు. మన సినిమాల్లో ఈకల టోపీ పెట్టుకుని జోస్యం చెప్పే ‘కోయదొర’ హాస్యాన్ని చూసి నొచ్చుకున్నవారికి ఆ పట్టుదల విలువ తెలుస్తుంది. అయితే హాలీవుడ్‌కు తెగల మధ్య తేడా పట్టలేదు. సేలిష్ జాతివాడైన ఆయన ఒకచోట షాయెన్, మరోచోట చెరోకీ. ‘బొనాంజా’, ‘కుంగ్ ఫూ’ వంటి టీవీ ధారావాహికల్లోనూ కనిపించారు.

1976లో క్లింట్ ఈస్ట్‌వుడ్ తీసిన ‘ది అవుట్‌లా జోసీ వేల్స్’లో లోన్ వాటీ అనే చెరోకీ ముసలివాడు ఆయనే. పొడవాటి టోపీ, దొరల కోటు వేసుకుని, తెల్లవాడు చడీచప్పుడు లేకుండా తన వెనక్కి రాగలిగినందుకు తన మీద తానే జోకులు వేసుకుంటాడు. అప్పటికి ఆయనకు 76 ఏళ్లు.

పేరు వచ్చాక కూడా హాలీవుడ్‌కు కాపురం మార్చలేదు. తన రిజర్వులోనే ఉంటూ షూటింగులకు వెళ్లివచ్చేవారు. 1981 సెప్టెంబర్ 23న వాంకూవర్‌లో కన్నుమూశారు. తరువాతి కాలంలో ఆయన కుమారుడు లెనార్డ్ జార్జ్ కూడా తండ్రిలాగే స్లేవాతూత్ చీఫ్ అయ్యారు, నటించారు కూడా.