ఊరిపేరే ఇంటిపేరైన నటుడు

చిత్తూరు నాగయ్యగారి ఇంటిపేరు ఉప్పలదడియం. 1904 మార్చి 28న గుంటూరు మండలం రేపల్లెలో జన్మించి, చిత్తూరులో పెరిగి, అక్కడి రామవిలాస సభ నాటకాలలో రాణించినందున ఊరిపేరే ఇంటిపేరైనది. మైకులు రాని ఆ రోజులలో పద్యం చివరి వరుసకు వినిపించవలెనన్న, గొంతెత్తక తప్పేది కాదు. ఆ నాటకశాల నుండి ఆయన సంగీతాన్ని తెచ్చుకొన్నారు. కేకను మాత్రం అక్కడే విడిచి వచ్చారు.

1938లో హెచ్.ఎం. రెడ్డిగారి 'గృహలక్ష్మి'తో తెరకెక్కారు. మరుసటి ఏడు 'వందేమాతరం'లో నాయకపాత్రతోపాటు సంగీతమూ వహించారు. 1940లో 'సుమంగళి'లో వృద్ధుడైన సంస్కర్త వేషం ధరించేనాటికి ఆయన వయస్సు ముప్పదియారేండ్లే! 1943 నాటి 'భక్త పోతన' తరువాత జనం నటునికీ పాత్రకూ భేదం మరచిపోయారు. ఇది నటునికి వరమో, బంధమో చెప్పుట కష్టం.

1946లో 'త్యాగయ్య'కు నిర్మాత, దర్శకుడు, సంగీతకర్త, నాయకుడు, గాయకుడు అన్నీ తామే అయినారు. ఇది సామాన్యమైన సాహసం కాదు. కీర్తనలు కంఠస్థమైన రసికులు, విద్వాంసులు నిండిన దక్షిణదేశంలో అపశ్రుతికి క్షమ లేదు. పైగా తెరమీద కచేరీ చేయబోతే త్యాగరాజు మాయమై పాటగాడే మిగులుతాడు. నాగయ్యగారు విద్వత్తును ప్రదర్శించలేదు. ఇంటిలో రామునితో మాట్లాడుకొనే భక్తుని వలె, మాటకూ పాటకూ నడుమ గీత కనబడకుండ పాడారు. కంటనీరు ఒలికినను గొంతు చెదరదు. ఆ నిగ్రహమే ఆయన నటనలోని రహస్యం. మరుసటి సంవత్సరం 'యోగి వేమన'లో ఆ గొంతే వైరాగ్యాన్ని పలికినది.

సంపాదించినది చేతిలో నిలువలేదు. అడిగినవారికి లేదనుట ఆయనకు చేతకాదు, వ్యాపారమూ అంతే. 1953లో స్వీయ దర్శకత్వంలో తీసిన 'నా ఇల్లు' ఆర్థికంగా దెబ్బతీసినది. అయినను వెనుదీయక 1964లో 'రామదాసు' తీసి, అరువది ఏండ్ల వయస్సున తామే రామదాసు వేషం కట్టారు. ఖజానా సొమ్ముతో గుడి కట్టించి చెరసాల పాలైన తహసీలుదారు కథ అది. ఆ చిత్రమూ అప్పులు తీర్చలేదు.

1965లో పద్మశ్రీ వచ్చినది. ఒకనాడు తమ పేరుతోనే చిత్రాలు నడిపించిన నటుడు, చివరి ఏండ్లలో తండ్రులుగా, తాతలుగా చిన్న వేషాలు వేస్తూ జీవితం సాగించారు. 1973 డిసెంబరు 30న మద్రాసులో కన్నుమూశారు.